ఒంటిగింజ రోజులు

విదియ

ఇవాళ్టి పుస్తకం ఈసారి నా మెడకి చుట్టుకుంది. వద్దు మొర్రో అన్నా పెద్దక్క వినలేదు. ఎదర చూసేవాళ్ళకి ఇవాళ అంటే లెక్కుండదు. రేపటి పులుసు రుచి నోట్లో పెట్టుకుని ఇవాళ్టి పులుసులో ఉప్పు వేయడం మర్చిపోయే రకాలం మేం. అందుకని ఇంట్లో ఒకరు రోజూ జరిగింది జరిగినట్టు రాయాలని నియమం. జరగబోయేది ఒక్క ముక్క రాసినా పెద్దక్క చెవి మెలిపెడుతుంది.

సరే, జరిగిందే రాస్తాను. పొద్దున్నే ఐదుగురం గట్టు మీది గదిలో కూర్చున్నాం. పెద్దక్క కనకరత్నం, మోకాళ్ళు పడిపోయిన గవరమ్మ, కళ్ళు పోయిన సుభద్రమ్మ, అందరికంటే చిన్నది మాణిక్యం, నేను వీరవేణి. కళ్ళు మూసుకుని ఎవరి దారులు వాళ్ళు చూసుకున్నాం. ఎదర అంటే మరీ దూరం కాదు, సముద్రానికి రాబోయే పున్నమి పెద్ద పోటు దాటిన మర్నాడు. ఆ రోజు నేను ఎక్కడుంటాను, ఏం చేస్తుంటాను అన్నది పక్కపక్కనే ఎన్నో బతుకులుగా కనిపిస్తుంది. ఒక దారిలో వాన పడుతుంటుంది. ఇంకో దారిలో మజ్జిగ ఒలికిపోయి గవరమ్మ తిడుతుంటుంది. ఎన్ని దారులు కనిపిస్తే అన్ని చింతగింజలు ఇత్తడి గిన్నెలో వేయాలి. గింజలు ఎక్కువైతే రేపు ఎటు తిరుగుతుందో తెలియదని అర్థం, తక్కువైతే రేపు ఖాయమని అర్థం.

ఇవాళ గుప్పెడు పడ్డాయి. నిరుడు ఇదే రోజుల్లో గిన్నె నిండేది. పైన బట్ట కప్పి ఉంటుంది కాబట్టి ఎవరెన్ని వేశారో తెలియదు, అడగకూడదు కూడా. పెద్దక్క బట్ట తీసి, మెట్ల కింద నిలబడ్డ పల్లపేట జనానికి గిన్నె వంచి చూపించింది.

"ఈ పున్నమి తేలిగ్గానే దాటతాదర్రా" అంది.

జనం చేతులెత్తి దణ్ణం పెట్టారు. వాళ్ళ ఇళ్ళ కప్పులు మా పాదాల కంటే కిందుంటాయి. మా వీపు వెనక సముద్రం వాళ్ళ ఇళ్ళ కంటే ఎత్తులో ఉంటుంది. మధ్యలో ఉన్నదల్లా ఈ గట్టే.

చవితి

మాణిక్యం గిన్నెలో చెయ్యి పెట్టి తీసేసరికి గలగలమని చప్పుడైంది. బట్ట కప్పినా చెవులు కప్పలేం కదా. అందరం దానికేసి చూశాం. అది తల వంచుకుంది.

తరవాత పెద్దక్క దాన్ని పక్కకి పిలిచి గుచ్చి గుచ్చి అడిగింది. ఏం కనిపిస్తోందే అంటే, లెక్కపెట్టలేనన్ని కనిపిస్తున్నాయంది. చూపు చెదిరిందని పెద్దక్క తేల్చేసింది. చెదిరినవాళ్ళ గింజలు లెక్కలోకి తీసుకోరు. చివర్లో వేసింది కాబట్టి పైనున్న దానివి ఏరి పారేస్తే గిన్నెలో మిగిలినవి అరచేతి మధ్యలో పట్టేంత. పల్లపేటలో ఒకటే సంబరం. గింజలు ఇంత తక్కువగా ఎప్పుడూ పడలేదట. ముగ్గురు తండ్రులు అప్పటికప్పుడు పెళ్ళి ముహూర్తాలు అడగడానికొచ్చారు.

మధ్యాహ్నం మా చెల్లెలు దుర్గ ఇంటికి మాగాయ పట్టుకెళ్ళాను. గట్టు కిందే, మొదటి వీధి. వంటింట్లో పీట వేసుకుని కూర్చోబోతే చీర తడిసింది. నేలలోంచి ఊట వస్తోంది. వేలితో తాకి నాలుక మీద పెట్టుకున్నాను. ఉప్పు.

"ఎన్నాళ్ళ నించే ఇది?" అన్నాను.

"అమాస నించీ అక్కా. కూరల్లో ఉప్పు ఖర్చు కలిసొస్తంది" అని నవ్వింది. నవ్వాగాక గొంతు తగ్గించి అంది. "ఆయనతో కొండకి ఎల్లిపోదామన్నాను. గిన్నెలో గింజలు చూడవే పిచ్చిదానా అన్నాడు. నువ్వు చెప్పక్కా. నువ్వు ఎల్లమంటే ఎల్తాం, ఉండమంటే ఉంటాం."

దుర్గకి ఏడో నెల. మాగాయ జాడీ దాని చేతిలో పెట్టి లేచాను. ఇంటి నుంచి బయటికొచ్చేటప్పుడు చూస్తే, గోడకి మోకాటి ఎత్తున తడి గీత కనిపించింది.

షష్ఠి

తలలకి నూనె పెట్టుకునే రోజు. ఒకరి వెనక ఒకరం కూర్చుని, ముందున్నవాళ్ళ చెవి వెనక చర్మంలో పొదిగిన గవ్వ చుట్టూ గోరువెచ్చటి నూనె రాస్తాం. లేకపోతే చర్మం బిగుసుకుపోయి ఆ చోట రంపపుకోతలా ఉంటుంది. గవ్వని మతిమరుపు ముసలివాళ్ళ కోసం చేశారట ఒకప్పుడు. పోయిన జ్ఞాపకాలు తిరిగి తేవాల్సిన వస్తువు. కొందరిలో వెనక్కి పోకుండా ఎదరకి తిరిగింది. అలా తిరిగినవాళ్ళని పోగేసి ఈ ఇంట్లో పెట్టారు. ఇంతకంటే వివరం మాకెవరికీ తెలియదు, తెలుసుకోవాలని బుద్ధి పుట్టనూ లేదు.

మాణిక్యం తలకి నేనే రాశాను. దాన్ని కొండకి పంపేయాలని పెద్దక్క నిర్ణయించింది. చూపు చెదిరినవాళ్ళు ఈ ఇంట్లో ఉండకూడదు. ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు, సన్నగా కూనిరాగం తీస్తోంది. దాని నెత్తి మీద చిన్న మొట్టికాయ వేశాను.

అష్టమి

గిన్నెలో ఒక్కటే గింజ.

పెద్దక్క బట్ట తీసి చూసి కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఒంటిగింజ పడ్డ రోజు ఈ ఇంటి చరిత్రలోనే లేదు. మెట్ల కింద డప్పులు మొదలయ్యాయి. రేపు ఎలా ఉంటుందో ఇంత ఖాయంగా ఇంతవరకూ ఏ తరమూ ఎరగదని ఎవరో కేకలు పెడుతున్నారు.

నేను మాత్రం ఆ గింజ మీంచి చూపు తిప్పలేకపోయాను. ఎందుకంటే ఆ గింజ నాది.

నేను ఒకటి వేశాను. గిన్నెలో ఉన్నది ఒకటి. మరి మిగతా ముగ్గురూ ఏం వేసినట్టు? మాణిక్యాన్ని ఇప్పుడు కూర్చోనివ్వడం లేదు. నియమం తప్పి గవరమ్మని అడిగాను.

"కనబళ్ళేదే. ఖాళీ పిడికిలి పెట్టి తీసేను" అంది. "ముసిలిదాన్ని, అలిసిపోయుంటాను. ఎవరికీ చెప్పకు."

సుభద్రమ్మ కూడా దాదాపు అదే మాటంది.

నా దారి గురించి కూడా రాయాలి. నియమానికి విరుద్ధమే గానీ, చూడడం జరిగింది కదా, చూసింది రాస్తున్నాను. అందులో నేనొక బోర్లాపడ్డ పడవ వీపు మీద కూర్చుని ఉన్నాను. ఎండ కాస్తోంది. చుట్టూ నీళ్ళు మెరుస్తున్నాయి. ఎక్కడా మనిషి గొంతు లేదు. కాకి అరుపు కూడా లేదు. ఎంతసేపు చూసినా అంతే.

పెద్దక్కకి చెప్పాను. "పున్నమి జాతర్లో పడవ పందేలు పెడతారు కాబోలే" అంది. అని, నా ముఖంలోకి చూడకుండా లేచి వెళ్ళిపోయింది.

దశమి

మాణిక్యం వెళ్ళిపోయింది. సాగనంపడానికి గట్టు చివరి దాకా నేనే వెళ్ళాను. అక్కడ ఉప్పు పడవల ఏసోబు బండి తెచ్చుకుని నిలబడి ఉన్నాడు. వాణ్ణి చూడగానే మాణిక్యం ముఖం వెలిగింది. కూనిరాగాల సంగతి అప్పుడర్థమైంది నాకు.

"ఓసి దొంగా" అన్నాను.

"కోప్పడకక్కా. తదియ నాడే అనేసుకున్నాం, కొండకి ఎల్లిపోయి కాపరం పెట్టుకుందారని. మీరు పంపకపోతే పారిపోయుందును" అంది. "ఆ మర్నాడు పొద్దున్న కూర్చుంటే ఎన్ని దారులో! అప్పటిదాకా నాకూ ఒకటో రెండో అంతే. చూపు చెదరడం ఇంత బాగుంటదని ఎవరూ చెప్పలేదేంటక్కా?"

బండి వెళ్ళిపోయింది. నేను గట్టు మీదే కూలబడ్డాను. తదియ నాడు వెళ్ళిపోదామనుకుంది. చవితి నాడు దారులు పొంగాయి. ఇక్కడ ఉందామనుకునే మా నలుగురికీ ఒక్కొక్కటే ఆరిపోతూ వచ్చాయి.

గవ్వ జ్ఞాపకాల కోసం చేసిన వస్తువు. ఎదరకి తిరిగినా అది తెచ్చేది జ్ఞాపకాలే, నా రేపటి జ్ఞాపకాలు. రేపు నేను బతికి ఉంటేనే నాకు జ్ఞాపకం ఉంటుంది. నేను లేని రేపు నాకు ఎలా కనిపిస్తుంది? కనిపించదు. గింజ పడదు. గింజలు తగ్గుతుంటే రేపు ఖాయమవుతోందని గెంతులేశాం. తగ్గుతున్నది మేం బతికుండే దారులు.

ఇంత తెలివిగలవాళ్ళం, ఇంతమంది కూర్చుని, ఇన్నేళ్ళూ ఇది తట్టలేదు మాకు.

ఏకాదశి

పొద్దున్న కూర్చున్నప్పుడు పరీక్షించాను. ముందు ఊరికే, వెళ్ళిపోతాను వెళ్ళిపోతాను అని మనసులో జపం చేశాను. ఏమీ మారలేదు. అదే పడవ, అదే ఎండ. గవ్వకి మాటలు అక్కర్లేదు, అది మనిషి ఏం చేస్తుందో దాన్నే పట్టుకుంటుంది.

అప్పుడు దుర్గ వంటింట్లో తడి గీత గుర్తొచ్చింది. దాని మొగుడు నన్ను మెడ పట్టి గెంటినా సరే, దాన్ని తీసుకుని పోవలసిందే అనుకున్నాను. ఈసారి నిజంగా అనుకున్నాను. ఆ క్షణంలో చీకటి గదిలో కిటికీలన్నీ ఒక్కసారిగా తెరిచినట్టయింది. కొండ మీద ఎండ, కొండ మీద వాన, దుర్గ జుట్టు దువ్వుతూ నేను, ఎవరితోనో పోట్లాడుతూ నేను, కాలు బెణికి మూలుగుతూ నేను. అన్నింట్లోనూ మనుషుల గొంతులున్నాయి. నేను గట్టిగా ఏడ్చేశాను.

పిడికెడు గింజలు గిన్నెలో పోశాను. చప్పుడుకి సుభద్రమ్మ ఉలిక్కిపడింది. పెద్దక్క ఏమీ అనకుండా నావి పక్కకి నెట్టి, గిన్నె మీద బట్ట మళ్ళీ కప్పేసింది. ఖాళీ గిన్నె జనానికి చూపించలేదు. ఇవాళా నిన్నట్లాగే ఒక్క గింజే అని చెప్పి పంపేసింది.

ద్వాదశి

పల్లపేటలో పెళ్ళి. సన్నాయి గట్టు మీదికి వినిపిస్తోంది. పెళ్ళిపందిరి గుంజలు పాతిన గుంటల్లో నీళ్ళు నిలిచాయట, శుభమని పసుపు చల్లారట.

పెద్దక్క గదిలోకి వెళ్ళి తలుపేసి అంతా చెప్పాను. తిడుతుందనుకున్నాను. ఆమె చాప మీద కూర్చుని బియ్యంలో రాళ్ళు ఏరుతోంది. నేను చెప్పినంతసేపూ ఏరుతూనే ఉంది.

"నాకు పాడ్యమి నించే ఏమీ కనబడట్లేదే" అంది చివరికి. "కళ్ళు మూస్తే నూతిలోకి చూసినట్టుంటంది. ముసిలితనం అనుకున్నాను. పెద్దక్కకే చూపు పోయిందని ఎలా చెప్పుకోను? సిగ్గేసింది. రోజూ ఖాళీ పిడికిలి పెట్టి తీస్తన్నాను."

"ఇప్పుడు తెలిసింది కదక్కా. జనానికి చెప్పేద్దాం."

"ఏమని చెప్తావు? గింజలు తక్కువ పడితే మంచిదని వాళ్ళ తాతలకి మనమే నేర్పేం. ఇప్పుడు కాదంటే వింటారా? చెప్పి చూడు రేపు."

చేట నా చేతిలో పెట్టి, మిగతా రాళ్ళు ఏరమంది. నేను చేట పక్కన పెట్టి ఆమె చెయ్యి పట్టుకున్నాను. విదిలించుకోలేదు.

త్రయోదశి

మెట్ల మీద నిలబడి చెప్పాను. ఎంత తేలిక మాటల్లో చెప్పగలనో అంత తేలికగా చెప్పాను. గింజ పడకపోతే ఆ రేపట్లో మేం లేమని అర్థం, మేం లేకపోతే గట్టు లేనట్టు, గట్టు లేకపోతే మీరు లేనట్టు, ఇవాళే బయల్దేరండి అన్నాను.

నిన్నటి పెళ్ళికూతురి తండ్రి సింహాద్రి నవ్వాడు.

"మొన్న ఆ చిన్నావిడకి చెదిరింది, ఇయ్యాల ఈవిడకి. పెద్దక్కగారూ, ఈవిణ్ణి కూడా కొండకి పంపెయ్యండి, ఆయ్" అన్నాడు.

జనం గొల్లుమన్నారు. దుర్గ మొగుడు తల దించుకున్నాడు. దుర్గ మాత్రం బిడ్డ పడిపోతుందేమో అన్నట్టు పొట్ట మీద రెండు చేతులూ పెట్టుకుని నాకేసి చూస్తోంది.

అప్పుడు లోపల్నుంచి పెద్దక్క వచ్చింది. చంకలో బట్టల మూట, చేతిలో కర్ర. ఎదరచూపు వాళ్ళ పెద్ద ఈ ఇల్లు దాటడం ఎవరూ చూసి ఎరగరు. బతికినన్నాళ్ళూ గట్టు మీదే, పోయాక కూడా గట్టులోనే పూడుస్తారు. ఆమె మెట్లు దిగుతుంటే నవ్వులు ఒక్కొక్కటే ఆగిపోయాయి.

"నేను కొండకి పోతన్నాను" అంది. "వచ్చేవోళ్ళు రండి. రానోళ్ళకి నేను చెప్పేదేం లేదు."

సింహాద్రి ఏదో అనబోయాడు. ఆమె వాడి పక్కనుంచే, వాణ్ణి చూడకుండా నడిచి వెళ్ళిపోయింది. వెనకే దుర్గ కదిలింది. దుర్గ వెనక దాని మొగుడు. తరవాత వీధులకి వీధులే కదిలాయి. పెళ్ళివారు పందిరిలో దీపాలు కూడా ఆర్పకుండా వచ్చేశారు. సాయంత్రానికి సింహాద్రి కూడా కోళ్ళగంప నెత్తిన పెట్టుకుని మమ్మల్ని కలుసుకున్నాడు.

గవరమ్మనీ సుభద్రమ్మనీ మొదటి విడతలో తేలేకపోయాం. ఉన్న బండ్లన్నీ పసిపిల్లలతో, బాలింతలతో నిండిపోయాయి. బండి దింపేసి మళ్ళీ మీకోసం వస్తాం అని పెద్దక్క వాళ్ళకి మాటిచ్చింది. మెట్లు దిగే ముందే రెండు పూటలకి సరిపడా అన్నం వండి పెట్టి ఉంచింది.

చతుర్దశి

కొండ మొదలుకి చేరాం. దారంతా పెద్దక్క హుషారుగా నడిచింది. తంగేడు పూలు చూసి ఆగింది, మేక పిల్లని ఎత్తుకుంది. ఇంత లోకం ఉందేంటే ఇక్కడ అని నన్ను రెండు మూడుసార్లు అడిగింది. నేను ఆమె పక్కనే నడిచాను. కానీ నడుస్తూ నడుస్తూ కళ్ళు మూసి నా దారులన్నీ వెతికాను. కొండ మీద దుర్గ ఉంది, సింహాద్రి ఉన్నాడు, మాణిక్యం కూడా ఉంది. ఒక్క దాంట్లోనూ పెద్దక్క లేదు. పొయ్యి దగ్గర చూశాను. గుడిసె వెనక చూశాను. లేదు.

నీడలో కూర్చున్నప్పుడు అడిగాను. "అక్కా, ఇప్పుడేం కనిపిస్తోంది నీకు?"

"నీకెన్ని కనబడుతున్నాయి?"

"గుప్పెడు దాటి."

"చాల్లే" అంది.

బండ్లు తిరిగి వెళ్ళేలా లేవు. మోటార్లకి చార్జి అయిపోయింది, ఎక్కించుకోవాలంటే ఒక రోజంతా ఎండలో పెట్టాలి. రెండో విడతకి వెళ్దాం రండని కుర్రాళ్ళని పిలిచాను. ఒకడు చెప్పు సరిచేసుకున్నాడు. ఇంకొకడు దూరంగా సముద్రం వైపు చూసి, చూపు తిప్పేసుకున్నాడు. తిరిగి చూసేసరికి పెద్దక్క మూట చెట్టు కింద ఉంది. ఆమె లేదు.

పరిగెత్తాను. వచ్చిన దారినే వెనక్కి నడుస్తోంది. వెళ్ళి చెయ్యి పట్టుకున్నాను.

"వదలవే. వాళ్ళకి వస్తానని చెప్పేను."

"ఏం చేయగలవక్కా నువ్వొక్కదానివీ? మోసుకొస్తావా వాళ్ళని?"

"మోయలేను. గవరమ్మ మంచినీళ్ళకుండ కూడా అందుకోలేదు. రెండో దానికి కళ్ళు లేవు. ఆ అన్నం కూడా అయిపోయుంటది ఈపాటికి. ఎవరో ఒకరు పక్కనుండాల కదే."

"నీకు తెలుసా ఇలా చేస్తావని? మెట్లు దిగినప్పుడే తెలుసా?"

"ఏమీ కనబడలేదు గదా మరి" అని నవ్వింది. "నేను కదిలితే గానీ వాళ్ళు కదలరు. అందుకని కదిలేను. ఇంక వదులు, పొద్దెక్కిపోతంది."

నేనూ వస్తాను అన్నాను. నోటితో అనడం కాదు, నిజంగానే ఒక అడుగు వేశాను. ఆ అడుగుతో నా దారులన్నీ ఆరిపోయాయి. కొండ పోయింది, వాన పోయింది, దుర్గ జుట్టు పోయింది. బోర్లాపడ్డ పడవ కూడా లేదు. నూతిలోకి చూసినట్టుంది. పాడ్యమి నుంచి ఆమె రోజూ చూస్తున్నది ఇదేనన్నమాట. దీన్ని చూస్తూ రోజూ మాకు అన్నం వండి పెట్టింది.

నా కాలు ఆగిపోయింది. నేను ఆపలేదు, అదే ఆగింది. పట్టుకున్న ఆమె చెయ్యి వదిలేశాను. ఒక్కొక్కటే దారులు మళ్ళీ వెలిగాయి. అవి వెలగడం నా ముఖంలోనే కనబడిందేమో, నేను ఏం చేశానో పెద్దక్కకి తెలిసిపోయింది. నా బుగ్గ మీద తట్టి, తిరిగి చూడకుండా వెళ్ళింది. ఎండలో తెల్లచీర చిన్నదవుతూ చాలాసేపు కనిపించింది. నేను అక్కడే నిలబడి చూశాను. అంతకంటే ఏమీ చేయలేదు.

పున్నమి

పోటు మధ్యాహ్నానికే వచ్చింది. ముందు గట్టు మీది మా ఇల్లు కొంచెం పక్కకి ఒరిగినట్టు కనిపించింది. ఆ తరవాత గట్టు లేదు. చప్పుడు మా దాకా రావడానికి కొంత సమయం పట్టింది. పల్లపేట కప్పులు ఒక వరస తరవాత ఒక వరస మునిగాయి. సింహాద్రి నా కాళ్ళ మీద పడబోతే పక్కకి జరిగాను. దుర్గ నా భుజం పట్టుకుని పసిపిల్లలా ఏడ్చింది.

సాయంత్రం జనం నా చుట్టూ మూగారు. ఇంక పెద్దక్కవి నువ్వే, చూసి చెప్పమ్మా, ఎన్ని గింజలు అన్నారు. ఎవరో అప్పుడే చింతగింజలు ఏరి తెచ్చి దోసిట్లో పట్టుకుని నిలబడ్డారు.

కళ్ళు మూసుకున్నాను. చాలా దారులున్నాయి. కొన్నింట్లో ఆకలితో ఉన్నాం, కొన్నింట్లో దుర్గ నవ్వుతోంది, కొన్నింట్లో పోట్లాడుతోంది. ఒకదానికీ ఇంకోదానికీ పోలిక లేదు. ఒక్క సంగతి మాత్రం అన్నింట్లోనూ ఒకటే. ఏ దారిలో చూసినా, నేను చేస్తున్న పని మధ్యలో ఆపేసి, నా చేతికేసి చూసుకుంటున్నాను. ఆమెని వదిలేసిన చెయ్యి.